బుల్లయ్య వదిలిపోయిన ఆట

సుబ్బరావమ్మ రోజూ పొద్దున్నే లేచి వాకిట్లో పేడనీళ్ళు చల్లి, గేదెకి చిట్టు కలిపి పెట్టి, టీ కాచుకుని గ్లాసు పట్టుకుని టీవీ ముందు కూర్చునేది. టీవీ మీద కాకి ఉండేది. దానికీ చిన్న గిన్నెలో టీ పోసేది. తాగుతా తాగుతా ఇద్దరూ కరెంటు కోసం చూస్తా ఉండేవాళ్ళు. కరెంటు రాగానే ఆమె మీటలపెట్టె ఒళ్ళోకి లాక్కునేది. కాకి రెండడుగులు ముందుకి జరిగి, మెడ వంచి తెర మీదికి చూసేది.

ఎనభై ఆరు, ఎనభై ఏడు నాటి మాట ఇది. చిలకలూరిపేట దాటినాక దర్శి వైపు పోయే బస్సెక్కితే ఆ ఊరొస్తది. అంతా పత్తి, మిరప. సుబ్బరావమ్మ మొగుడు బుల్లయ్యకి మూడెకరాల నల్లరేగడి ఉండేది. సేద్యం పన్లు లేని నెలల్లో పేటలో జిన్నింగు మిల్లు లారీ తోలేవాడు. పత్తి బేళ్ళు ఏసుకుని మద్రాసు పోయేవాడు. మద్రాసు పోయినోళ్ళు ఎవరన్నా చీరో, టేప్ రికార్డరో తెచ్చుకుంటారు. ఈయన ఒక నల్ల పెట్టె తెచ్చాడు, పిల్లల పలకంత. దాని మీద రబ్బరు మీటలు. దాన్నించి టీవీకొక వైరు, టేప్ రికార్డరుకొక వైరు. క్యాసెట్టు పెడితే ఐదు నిమిషాలు కీచుకీచుమని అరిచి అరిచి, అప్పుడు టీవీలో ఒక దేశం కనపడేది.

దేశమంటే దేశమే. ఊళ్ళు, అడవులు, ఏళ్ళు, కొండలు. అందులో చీమంత మనిషి ఒకడు. వాణ్ణి ఎటు నడిపిస్తే అటు పోతాడు. ఈ దారినే పోవాలని ఏం లేదు. ఒకడొచ్చి ఉంగరం పోయిందంటాడు, వెతికి ఇవ్వాలి. ఒకామె మేక తప్పిపోయిందంటది, తోలుకురావాలి. కొండ మీద ఒక రాక్షసుడు ఉంటాడు, వాణ్ణి చంపాలి. తెర మూలన ఒక అంకె ఉంటది. ఆ దేశంలో ఉన్న పన్లన్నిట్లో నూటికి ఎన్ని అయినయ్యో చెప్పే అంకె. బుల్లయ్య రెండేళ్ళు ఆడి ఆడి దాన్ని అరవై ఒకటి దాకా తెచ్చాడు. అరవై ఒకటి కాడ పచ్చకామెర్లొచ్చి పదహారు రోజుల్లో పోయాడు. కార్తీక మాసం. చేలో పత్తి కాయ మీదుంది. నలభై మూడేళ్ళు, ఏం వయసది. పోయేవాళ్ళు పోతారు, వాళ్ళకేం. సరే, అది వద్దులే ఇప్పుడు.

పదకొండో రోజు వాగు ఒడ్డున పిండం పెట్టారు. పిల్లల్లేరు, అందుకని తమ్ముడు అంకమ్మరావు కర్మ చేశాడు. విస్తట్లో అన్నం, గారెలు, వంకాయ కూర, పక్కన ఒక బీడీ కట్ట. కాకి వచ్చింది. వచ్చి తుమ్మచెట్టు మీద కూర్చుంది. దిగలా.

కాకి ముట్టకపోతే పోయినాయనకి ఏదో కోరిక మిగిలిందని లెక్క. అది ముట్టిందాకా ఎవరూ అన్నం తినకూడదు. రామచంద్రమూర్తి పంతులుగారు, "ఏదన్నా మాటివ్వవయ్యా, దిగుతుంది," అన్నారు. అంకమ్మరావు చేతిలో నువ్వులూ నీళ్ళూ పట్టుకుని మొదలుపెట్టాడు.

"అన్నయ్యా, వదిన్ని మేం చూసుకుంటాం."

కాకి ముక్కు కొమ్మకేసి రాసుకుంది.

"గట్టు తగాదా కోర్టుకి పోనియ్యకుండా తీరుస్తాం."

కాకి అటు తిరిగి కూర్చుంది.

"గేదెని అమ్మం. లారీ ఓనరు కాడ నీ చొక్కాలుంటే తెచ్చి పేదోళ్ళకి పంచుతాం. ఇంకేం కావాలి అన్నయ్యా, చెప్పవేం!"

మధ్యాన్నం దాటింది. అంకమ్మరావు పెళ్ళాం వెంకటేశ్వరమ్మ వెనక నించి, "ఏదో ఒకటి అను, కళ్ళు తిరుగుతున్నయ్," అని గిల్లింది. అంకమ్మరావుకి ఆకలికి ఆగే గుణం చిన్నప్పట్నించీ లేదు. విసుగొచ్చి గొంతు చించుకుని అరిచాడు.

"నీ టీవీ ఆట! అది పూర్తి చేస్తాం! మొత్తం చేస్తాం! ఒక్క పని కూడా వదలకుండా, నూటికి నూరూ చేస్తాం! ఇంక దిగు అన్నయ్యా!" అని నీళ్ళు వదిలాడు.

ఆ నీళ్ళు ఇసకలో ఇంకకముందే కాకి విస్తట్లో ఉంది.

"మరీ అంత మాట దేనికయ్యా," అన్నారు పంతులుగారు. "పూర్తి చేస్తామంటే సరిపోయేదిగా."

"ఆకలేస్తందండీ," అన్నాడు అంకమ్మరావు.

కాకి తిన్నంత తిని, బీడీ కట్టని ఒకసారి పొడిచి చూసి, సుబ్బరావమ్మ వెనకాల ఇంటికొచ్చి టీవీ మీద కూర్చుంది. కూర్చుని దగ్గింది. అచ్చం బుల్లయ్య దగ్గే, రెండు పొడుగు, ఒకటి పొట్టి. "బావగారు వచ్చారు," అంది వెంకటేశ్వరమ్మ చెప్పులు వెతుక్కుంటా. అంతే. కాకి సుబ్బరావమ్మ ఇంటికి వచ్చింది గనక ఆట ఆమె మెడకి చుట్టుకుంది.

నెల తిరక్కముందే అంకమ్మరావు వచ్చి అరుగు మీద కూర్చున్నాడు.

"వదినా, ఒక మాట. పోయినాయనకిచ్చిన మాట తీరకుండా కొత్తగా గింజ భూమిలో పెట్టకూడదంట."

"ఎవరన్నారు?"

"మా నాయన అనేవాడు."

"మీ నాయన టీవీ చూశాడా?"

"అదేంది వదినా, మాట మాటే గదా. నేనేవన్నా పరాయోణ్ణా? తొలకరి లోపల అయిపోతే నీ చేను నువ్వే ఏసుకో. అవకపోతే ఈ ఒక్క ఏడాదీ నేనేసుకుంటా. నీకు తిండిగింజలు పంపిస్తా."

ఆ ఊళ్ళో ఒక ఏడాది వేరేవాళ్ళ విత్తే గొర్రు తిరిగిన చేను మళ్ళీ సొంతదారుకి రావటం సుబ్బరావమ్మ ఎన్నడూ చూళ్ళా. వెనక బజార్లో చెంచురామయ్య పెళ్ళాం అట్టాగే ఒక ఏడాదికని ఇచ్చింది. ఇప్పుడామె తన చేలోనే కూలికి పోతంది. అంకమ్మరావు చెడ్డోడు కాదు. చెడ్డోడైతే తిట్టి పంపొచ్చు. వాడికి నిజంగానే జాలి. ఆ జాలితోనే చేను పోద్ది.

మర్నాడు పేటలో టీవీలు బాగుచేసే గౌస్ బాషాని పిలిపించింది. బుల్లయ్యకి పెట్టె బిగించిచ్చింది అతనే. నాలుగక్షరాలు ఇంగ్లీషు చదవగలడు. సుబ్బరావమ్మకి అంకెలు తెలుసు, బస్సు నెంబర్లూ తూకాలూ చూసీ చూసీ. అక్షరాలు తెలవవు. ఏ మీట ఎటో ఎట్టా గుర్తుపట్టుద్ది? బాషా ఆలోచించి పూజ గూట్లోంచి నాలుగు రంగులు తెచ్చి మీటల మీద బొట్లు పెట్టాడు. కుడికి కుంకుమ, ఎడమకి పసుపు, పైకి సున్నం, కిందికి కాటుక.

"ఇది మొత్తం అవటానికి ఎంతకాలం పడద్ది బాషా?"

"నాకేం తెలుసక్కా. మద్రాసులో అమ్మిన కొట్టాయనకి కార్డు రాస్తా."

ఇరవై రోజులకి జవాబొచ్చింది. బాషా సైకిలు స్టాండు కూడా వెయ్యకుండా చదివాడు. "రాక్షసుణ్ణి చంపి ఊరుకుంటే అరవై గంటలంట. ఏదీ వదలకుండా చెయ్యాలంటే మూడొందల గంటల పైమాటంట. అట్టా చేసినవాణ్ణి ఆయన ఇంతవరకూ చూళ్ళేదంట."

"గంటలంటే మామూలు గంటలా, కరెంటున్న గంటలా?"

బాషా కార్డు తిప్పి చూశాడు. "అది రాయలా అక్కా."

ఇంక చూసుకో. పొద్దున కరెంటుంటే ఆట, పోతే చేను. చేలో పత్తి తీస్తా ఉంటే ఊళ్ళో నించి ఎవరో కేకేస్తారు, "సుబ్బరావమ్మా, కరెంటొచ్చింది!" ఒళ్ళో పత్తి గట్టు మీద కుమ్మరించి పరిగెత్తాలి. పోయి కూర్చునేసరికి పోద్ది. ఆ పోవటం ఊరికే పోదు. ఎంతవరకు ఆడారో అదంతా క్యాసెట్టులోకి ఎక్కించుకోవాలి, దానికి ఐదు నిమిషాలు. ఎక్కించకముందే కరెంటు పోయిందా, ఆ పూటంతా ఆడింది గాల్లో కలిసినట్టే. వెతికిచ్చిన ఉంగరం మళ్ళీ పోద్ది. తోలుకొచ్చిన మేక మళ్ళీ తప్పిపోద్ది. ఒకే మేకని ఏడుసార్లు తోలుకొచ్చింది ఆమె. ఏడోసారి ఆ మేకగలామెని తిట్టిన తిట్లకి పక్కింటోళ్ళు గోడ మీద నించి తొంగి చూశారు.

ఒకరోజు వెంకటేశ్వరమ్మ పెరుగు కోసం వచ్చి, సుబ్బరావమ్మ చూపుడు వేలి వంక చూసింది. మీట నొక్కీ నొక్కీ వేలంతా ఎర్రగా ఉంది.

"మొగుడు పోయినా వేలికి కుంకుమ పోలేదే అక్కా నీకు."

సుబ్బరావమ్మ తెర మీంచి చూపు తిప్పలా. "ఆరోజు నీ మొగుడు ఇంకో గంట ఆకలికి ఆగుంటే ఇదీ అంటేది కాదు. పక్కకి జరుగు, ఆయనకి కనపట్టల్లా."

వెంకటేశ్వరమ్మ కాకి వంక చూసి కొంగు భుజం మీదికి లాక్కుని గబుక్కున పక్కకి జరిగింది. బావగారి ఎదురుగా అడ్డంగా నిలబట్టం ఆమెకీ పద్ధతి కాదు.

మాఘమాసంలో రాక్షసుడు చచ్చాడు. ఆరోజు శుక్రవారం. కాదు, గురువారం, పేట సంత రోజు గదా. బాషా ఉన్నాడు, పంతులుగారూ వచ్చారు. తెర మీద రాజు కనపడ్డాడు, అక్షరాలొచ్చినయ్.

"నీకు కిరీటం ఇస్తన్నాడక్కా! దేశమంతా నీదేనంట!"

"అయిపోయినట్టేనా?"

"అయిపోయినట్టే!"

సుబ్బరావమ్మ లోపలికి పోయి బెల్లం ముక్కలు తెచ్చి అందరి చేతిలో పెట్టింది. కాకికీ పెట్టింది. కాకి తినలా. టీవీ అంచు మీద నించి కిందికి వంగి, తెర మూలనున్న అంకె మీద ముక్కుతో టక్కుమని కొట్టింది. డెబ్భై నాలుగు.

"ఇంకా ఏందయ్యా!" అని నెత్తి కొట్టుకుంది సుబ్బరావమ్మ. "రాక్షసుడు పోయాడు, కిరీటం పెట్టారు, ఇంకేం ఉంది అందులో?"

ఉంది. ఇంటింటికీ పోయి కుండలన్నీ మూత తీసి చూడాలంట. చెరువులో చేపలు పదకొండు రకాలు, పదకొండూ పట్టాలంట. ఒక ముసలాయన కళ్ళజోడు ఏడూళ్ళ అవతల ఇంకో ముసలాయన పెట్టుకుని ఉంటాడంట. "కిరీటం పెట్టుకున్నోడు ఎవడన్నా పోయి పొరుగింటి కోడిని వెతుకుతాడా పంతులుగారూ?" అని అడిగింది. పంతులుగారు బెల్లం చప్పరిస్తా, "ఒక్క పని కూడా వదలకుండా అన్నాడు గదమ్మా," అన్నారు.

అవతల ఆమె కల్లంలో మిరపకాయలు తిరగేసే దిక్కు లేదు. టీవీలో ఎవడివో కుండలు తెరిచి చూస్తంది. ఆ చీమంత మనిషిని చూస్తే ఆమెకి ఒళ్ళు మండేది. వాడికి ఆకలుండదు, చేనుండదు, చెప్పిన పనల్లా చేస్తా తిరుగుతాడు.

ఫాల్గుణం నాటికి ఆమెకొక పద్ధతి చిక్కింది. అక్షరం రాకపోతేనేం, పత్తి తీయటం వచ్చు. పత్తి తీసేవాళ్ళు చేనంతా పడి ఏరరు. ఒక సాలు పట్టుకుంటే చివరిదాకా అదే సాలు, తిరుగుడులో పక్క సాలు. దేశాన్నంతా అట్టాగే పట్టింది. తూర్పు అంచున మొదలుపెట్టి పడమటి అంచు దాకా, చెట్టొచ్చినా, ఇల్లొచ్చినా, ఏరొచ్చినా ఒకే వరస. ఎంతవరకైందో గుర్తుకి కల్లంలో ఎండబోసిన మిరపకాయల్లో కాలితో ఒక పాయ తీసేది. సాయంత్రానికి పది పాయలు. ఇరుగూపొరుగూ ఆ పాయలు తొక్కకుండా చుట్టూ తిరిగి పోయేవాళ్ళు.

మొదటి తీత అయ్యేసరికి తొంభై ఒకటి.

"ఇంకేం లేదక్కా, అంతా తిరిగావు," అన్నాడు బాషా.

"పత్తి ఒక తీతకి అయిపోద్దా? మనం దాటిపోయినాక వెనకాల కాయ పగుల్ద్ది. రెండో తీత తియ్యాలి."

"టీవీలో కాయలు పగలవక్కా."

"నీకేం తెలుసు, నువ్వు టీవీలు చేసేవాడివి."

రెండో తీతకి నిజంగానే కొత్తవి కనపడ్డయ్. అంతకుముందు ఎండిపోయి ఉన్న చెరువులోకి నీళ్ళొచ్చినయ్, ఖాళీగా ఉన్న ఇంట్లోకి కొత్తకోడలొచ్చింది, ఆమెకేదో పని కావాల్సొచ్చింది. తొంభై ఆరు. మూడో తీతకి తొంభై తొమ్మిది. అది వైశాఖం.

అక్కడ ఆగింది. నాలుగో తీత తీసింది, తొంభై తొమ్మిది. ఐదో తీత, తొంభై తొమ్మిది. జ్యేష్ఠమాసం ఎండలకి టేప్ రికార్డరు సెగలు కక్కతంటే తడిగుడ్డ కప్పి తీసింది. చెట్టు చెట్టూ పుట్ట పుట్టా తట్టింది. కళ్ళు మూసుకుంటే ఆ దేశమే, ఏ ఊళ్ళో ఎన్ని కుండలున్నయ్యో వరసగా చెప్పగలదు. తన వంటింట్లో ఉప్పు డబ్బా ఎక్కడ పెట్టిందో మాత్రం వెతుక్కునేది. కాకి కూడా ఈకలు రాలి సగమైంది. పొడవటం మానేసింది. ఊరికే చూసేది.

"ఆ ఆట రాసినోడే ఒకటి మర్చిపోయి ఉంటాడక్కా," అన్నాడు బాషా. "నూరోది అసలు లేదేమో."

"లేకపోతే లేదని వాడొచ్చి చెప్పమను," అంది ఆమె. "నా చేను పోతంది ఇక్కడ."

ఆషాఢంలో వాన పడింది, మంచి వాన, జానెడు లోతు తడిసింది. రేగడి నేలకి అదును మూడు నాలుగు రోజులే, ఆ తడి ఉండగానే గింజ పడాలి. ఊరంతా ఎడ్లు కట్టుకుని పోతన్నారు. అంకమ్మరావు గొర్రు భుజాన పెట్టుకుని వాకిట్లో నిలబడ్డాడు.

"వదినా, రేపు పొద్దున నీ చేలో మొదలుపెడతా. నాది ఎల్లుండి ఏసుకుంటా. నీదే ముందు." వాడి గొంతులో అభిమానమే ఉంది.

"ఈ ఒక్క రోజు ఆగవయ్యా."

"రోజుదేముంది, ఆగుతా. కానీ ఎనిమిది నెల్లయింది గదా."

ఆమె లోపలికి పోయి ఆరో తీత మొదలుపెట్టింది. పొద్దున్నించీ అన్నం తినలా. దేశంలో సగం దూరం వచ్చింది. ఎక్కడో పిడుగు పడి కరెంటు పోయింది. ఎక్కించలా.

నల్లటి తెరలో ఆమె మొహం ఆమెకే కనపడింది. మీటలపెట్టె పక్కన పెట్టి తలెత్తి కాకి వంక చూసింది.

"చాలా? ఇంకా కావాలా?" అంది. "నువ్వు పోయావని ఏడవటానికి కూడా నాకు తీరికివ్వలేదు గదయ్యా. బతికున్నప్పుడూ ఇంతే. లారీ దిగటం, దీని ముందు కూర్చోటం. అన్నం పెట్టింది ఎవరో తలెత్తి చూశావా? ఇప్పుడు నా ఇంట్లోనే ఉన్నావు, నా పక్కనే ఉన్నావు. ఇప్పుడు కూడా నువ్వు చూసేది ఈ తెరనే!"

కాకి మెడ ముడుచుకుంది.

"అసలు నేనిచ్చానా మాట? ఆరోజు నేను నోరు తెరిచానా? ఒంటి మీద తెలివి లేకుండా ఇసకలో పడున్నా. చేతిలో నీళ్ళు పట్టుకుంది ఎవరు? నీ తమ్ముడు. ఒక్కటి కూడా వదలకుండా అని అరిచింది ఎవరు? నీ తమ్ముడు. వాడి నోటికి నా చేను పోవాలా? వాడి మాట వాణ్ణే తీర్చుకోమను. పో, వాడింటికి పో!"

ఆ మాట నోట్లోంచి వచ్చిందాకా ఆమెకీ తట్టలా. వచ్చినాక తనే విని, నోరు తెరుచుకుని కూర్చుంది.

కాకి చాలాసేపు ఆమె వంకే చూసింది. దగ్గింది. తర్వాత టీవీ మీంచి ఎగిరి, గుమ్మంలోంచి బయటికి, రోడ్డు దాటి, నేరుగా అంకమ్మరావు ఇంట్లోకి పోయింది.

సుబ్బరావమ్మ పెట్టె, వైర్లు, టేప్ రికార్డరు, క్యాసెట్లు అన్నీ మిరపకాయల గంపలో సర్ది, గంప నెత్తినెత్తుకుని బయల్దేరింది. ఆమె పోయేసరికి వెంకటేశ్వరమ్మ అప్పటికే టీవీ మీద గుడ్డ తీసి, కాకి కూర్చోటానికి పీట ఏసి, మొగుడి మీద కేకలేస్తంది.

"బావగారు మనింటికొచ్చారు! ఏం చేసొచ్చావు నువ్వు?"

అంకమ్మరావు గొర్రు పట్టుకుని అట్టాగే నిలబడిపోయాడు. పంతులుగారికి కబురు పోయింది. ఆయన గొడుగు మూస్తా వచ్చి, కాకిని చూసి, గంపని చూసి తలూపారు.

"నీళ్ళు వదిలిన చేతిదేనయ్యా మాట. ఎప్పుడూ అంతేగా."

"ఈ ఎనిమిది నెల్లూ చెప్పలేదేం పంతులుగారూ?" అంది సుబ్బరావమ్మ.

"నన్నెవరడిగారమ్మా?"

అంకమ్మరావు గొర్రు గోడకి ఆనించి కింద కూర్చున్నాడు. "ఇప్పుడెట్టా? అదును పోద్ది. నా ఐదెకరాలకీ, నీ మూడింటికీ గింజలు తెచ్చి పెట్టా."

"మాట తీరకుండా గింజ భూమిలో పెట్టకూడదంట గదా," అంది సుబ్బరావమ్మ. వెటకారంగా కాదు, మామూలుగానే అంది. "మీ నాయన అనేవాడంట."

కాకి టీవీ మీంచి దగ్గింది. తండ్రి దగ్గర నేర్చుకున్న మాట అంకమ్మరావు కాదనలేకపోయాడు.

"ఎడ్లనిట్టా తే. నా మూడూ ఏసి, నీ ఐదూ నేనే ఏస్తా. పంట నా పేర ఉంటది ఈ ఏడు. నీకు తిండిగింజలు పంపిస్తాలే." సుబ్బరావమ్మ గంప దించి, మీటలపెట్టె వాడి ఒళ్ళో పెట్టింది. "కుంకుమ కుడికి, పసుపు ఎడమకి. తూర్పు అంచు నించి సాలు పట్టు. కొంచెం ఆడినప్పుడల్లా క్యాసెట్టులోకి ఎక్కించుకో, తర్వాతే మళ్ళీ ఆడు."

వాడు చదువుకున్నోడే, ఆరో తరగతి. అయినా ఆ బొట్ల వంక చూసి కళ్ళనీళ్ళు పెట్టుకున్నాడు.

ఊళ్ళో కూలి చేసే చెంచయ్యని ఎడ్లు తోలటానికి పెట్టుకుని సుబ్బరావమ్మ మూడు రోజుల్లో ఎనిమిదెకరాలూ ఏసింది. చెంచయ్య గొర్రు తోలతా ముందు పోతంటే, ఆమె ఇంకో నలుగురు ఆడోళ్ళని పెట్టుకుని ఆ గీతల్లో గింజలు వేస్తా వెనక నడిచింది. తడి మట్టి మడమల దాకా అంటింది. ఎనిమిది నెల్ల తర్వాత ఆమె ఒకపూట మొత్తం కరెంటు సంగతి తలుచుకోకుండా గడిపింది.

మూడో రోజు అందరూ పోయినాక తన చేను ఒకసారి చూసుకుందామని గట్టు మీదకొచ్చింది. మొదట్లో, ఎడ్లు నిలబడి బయల్దేరిన మూల, మంచమంత నేల ఖాళీగా ఉంది. గొర్రు అక్కణ్ణించే బయల్దేరిద్ది గనక అక్కడ గీత పడదు. ఎవరి చేలో అయినా అంతే. ఆ మూలకి చేత్తో గింజ గుచ్చాలి. గొంతు కూర్చుని గుచ్చతా ఉంటే చెయ్యి ఆగిపోయింది.

బుల్లయ్య ఆ పెట్టె తెచ్చిన మొదటిరోజు ఆమె వెనక నిలబడి చూసింది. ఆట మొదలైనప్పుడు ఆ చీమంత మనిషి ఒక పాక గుమ్మంలో నిలబడి ఉన్నాడు. బుల్లయ్య మీట నొక్కాడు, వాడు బయటికి నడిచాడు. అంతే, ఇంక ఆ పాక జోలికి పోలా. ఇంట్లోంచి బయటికి అడుగు పెడితే వెనక్కి తిరిగి చూసే మనిషి కాదు బుల్లయ్య. తనూ ఆరుసార్లు ఆ పాక ముందు నించే పోయింది. అది మనదేగా, మనింట్లో మనకి పనేముంటదిలే అని దాటిపోయింది.

ఆ పాకలోకి పోవాలి. నూరోది అందులో ఉంది.

మిగిలిన గింజలు గబగబా గుచ్చి, మట్టి చేతుల్తోనే ఊళ్ళోకి నడిచింది. నడవలా, దాదాపు పరిగెత్తింది. అంకమ్మరావు ఇంటి కిటికీ కాడికొచ్చి ఆగింది. లోపల వాడు గడ్డం మాసిపోయి, చొక్కా లేకుండా, తెర ముందు కూలబడి ఉన్నాడు. చూపుడు వేలు ఎర్రగా ఉంది. వెంకటేశ్వరమ్మ మూలన కూర్చుని విసనకర్రతో తనకి తనే విసురుకుంటంది, మొహం గంటు పెట్టుకుని.

టీవీ మీద కాకి ఉంది. తెర వంక చూట్టల్లా. కిటికీ వంక చూస్తంది. ఆమె ఎప్పుడొస్తదా అని చూస్తన్నట్టు, మెడ సాచి ఆమె మొహం వంకే చూస్తంది.

"వదినా!" అన్నాడు అంకమ్మరావు. "వచ్చావా! ప్రాణం పోతంది వదినా. తొంభై తొమ్మిది, తొంభై తొమ్మిది. నీకెక్కడన్నా అనుమానముంటే చెప్పు, నీకు దణ్ణం పెడతా. చెప్పావంటే ఈ పూటకే అయిపోద్ది, అన్నయ్య దారిన అన్నయ్య పోతాడు. ఇంకా ఎన్నాళ్ళు పడద్ది ఇది?"

సుబ్బరావమ్మ కిటికీ ఊచ పట్టుకుంది. ఊచకి మట్టి అంటింది. కాకి రెప్ప ఆడించలా.

"నాకేం తెలుసు అంకమ్మరావూ, చదువు లేనిదాన్ని," అంది. "మళ్ళీ తూర్పు నించి పట్టుకో. తొందరేముంది."

వాడు నిట్టూర్చి తెర వైపు తిరిగాడు. ఆమె ఇంకాసేపు అక్కడే నిలబడింది.

"రేపు మళ్ళీ వస్తా," అంది కాకి వంక చూసి.

తనతోనే అనుకుని అంకమ్మరావు తలూపాడు.